మా ఆయన్ని చంపిన సినిమాలు

మా ఆయన మొదటిసారి చచ్చిపోయింది మా ఊరు గుడివాడలోనే, మూతబడిన ఒక బియ్యం మిల్లు ఆవరణలో. అది ఆ రోజేనని నాకు ముందుగా తెలియదు. బడి నుంచి ఇంటికి వచ్చేసరికి వీధి అరుగు మీద కూర్చుని ఉన్నారు. తెల్ల చొక్కా ముందుభాగమంతా ఎర్రగా ఉంది. చెవి పక్క నుంచి మెడ మీదికి ఎర్రటి చార దిగి ఎండిపోయింది. నా చేతిలో సంచి జారి మెట్ల మీద పడింది.

"కంగారుపడకే. రంగు ఇది. పంచదార పాకంలో కలిపారు" అన్నారు నవ్వుతూ.

ఆయన అలా నవ్వగా చూసి చాలా కాలమైంది. అందుకే కోప్పడలేకపోయాను.

ఆయన టెలిఫోన్ ఆఫీసులో గుమస్తా. కానీ ఆఫీసు సంగతి ఎవరైనా అడిగితే ఒక్క ముక్కలో తేల్చేసేవారు. ఆయన ప్రాణమంతా నాటకాల్లో ఉండేది. తొంభైల్లో బందరులోనో, గుడివాడలోనో, మొవ్వలోనో నాటక పోటీలు జరుగుతూనే ఉండేవి. నేను మున్సిపల్ హైస్కూల్లో తెలుగు టీచర్ని. వంటింట్లో కూరగాయలు తరుగుతూ నాటకం పుస్తకం పక్కన తెరిచి పెట్టుకుని, ఆయన మాట తప్పిన చోట అందించేదాన్ని. నాటకం అయిపోయాక జనం స్టేజి వెనక్కి వచ్చి ఆయన చేతులు పట్టుకునేవారు. కొందరు ఏమీ మాట్లాడకుండా చేతులు మాత్రం పట్టుకుని వెళ్లిపోయేవారు. అదే తనకు ఎక్కువ ఇష్టమని చెప్పేవారు.

తర్వాత జనం తగ్గారు. ఆయన నాటక బృందంలో ఒకాయన సీరియళ్ళని హైదరాబాదు వెళ్లిపోయాడు, ఇంకొకాయనకి పక్షవాతం వచ్చింది. ముందుగా రిటైర్మెంటు తీసుకుని మా ఆయన ఇంటికి వచ్చేనాటికి వెయ్యడానికి వేషమే లేదు. సాయంత్రాలు డాబా మీదికి వెళ్లి పాత నాటకాలు పైకి చదువుకునేవారు. కొన్నాళ్లకి అదీ మానేసి టీవీ ముందు కూర్చోవడం మొదలుపెట్టారు. దాని వంక చూసేవారు కూడా కాదు. ముందు కూర్చునేవారు, అంతే.

అలాంటి రోజుల్లో వచ్చాడు ఆ కుర్రాడు. ఇంజనీరింగ్ చదువుతున్నాడు. వాళ్ళ నాన్నకి బంటుమిల్లి దగ్గర చేపల చెరువులున్నాయి. అప్పటికి చేతిలో ఇమిడే వీడియో కెమెరాలు కొత్తగా వచ్చాయి. ఎవరి దగ్గర చూసినా వాటి కబుర్లే. అతను ఇద్దరు స్నేహితుల్ని వెంటబెట్టుకుని వచ్చి, చెప్పులు గుమ్మం బయట వరసగా విడిచి, మా ఆయన కాళ్ళకి దండం పెట్టాడు.

"చిన్నప్పుడు మా ఊళ్ళో మీ నాటకం చూశానండీ మాస్టారూ. పది నిమిషాల సినిమా తీస్తున్నామండీ. షార్ట్ ఫిల్మ్. మీదే మెయిన్ క్యారెక్టరండీ."

మా ఆయన కుర్చీలో నిటారుగా కూర్చున్నారు. "నా వేషం ఏమిటి బాబూ?"

"మీరు రోడ్డు మీద నడిచి వస్తుంటారండీ. ముగ్గురు కుర్రాళ్ళొచ్చి మిమ్మల్ని కొట్టి చంపేస్తారు."

"ఎందుకు?"

"ఎందుకూ లేదండీ. అదే పాయింటు."

నేను కాఫీ గ్లాసులు పట్టుకుని గుమ్మంలో నిలబడి ఉన్నాను. "ఎందుకూ లేకుండా ఎవరైనా ఎలా చంపుతారు బాబూ?" అన్నాను.

"రోజూ పేపర్లో వస్తోంది కదండీ మేడమ్. లోకం అలాగే ఉందండీ. మనం ఉన్నదున్నట్టు చూపిస్తున్నాం."

ఆ మాటలో నాకు తప్పు కనిపించలేదు. కుర్రాడిలో అసలే కనిపించలేదు. కాఫీ తాగి గ్లాసు తనే పెరట్లో కుళాయి దగ్గర పెట్టి వచ్చాడు. రెండు గంటల నాటకాన్ని భుజాల మీద మోసిన మనిషికి ఆ సినిమాలో ఒక్క మాట కూడా లేదు. పడిపోవాలి, మూలగాలి, కళ్ళు తెరుచుకునే చచ్చిపోవాలి. అయినా ఒప్పుకున్నారు. ఆ వారమంతా డాబా మీద పడటం ప్రాక్టీసు చేశారు. కింద వంట చేసుకుంటుంటే నెత్తి మీద ధబ్బుమని వినిపించేది. "మోకాళ్ళు జాగ్రత్తండీ" అని అరిచేదాన్ని. ఒక నిమిషం ఆగి మళ్ళీ ధబ్బుమనేది.

ఆ చొక్కా ఎన్నిసార్లు ఉతికినా మరక పోలేదు. పాకం కదా, దండెం మీద ఆరేస్తే చీమలు వరసకట్టి వచ్చాయి.

సినిమాని బందరులో ఒక కాలేజీ హాల్లో వేశారు. పోటీ అది. ఆయన ఇస్త్రీ లాల్చీ వేసుకున్నారు. నేనూ మంచి చీర కట్టుకుని వెళ్లాను. హాలు నిండా కుర్రకారు. సినిమాలు ఒకదాని తర్వాత ఒకటి వేశారు. ఒకదాంట్లో ఒకడు దుకాణంవాణ్ణి కత్తితో పొడిచాడు. ఇంకోదాంట్లో అరుగు మీద పడుకున్న బిచ్చగాడి తల మీద బండరాయి ఎత్తేశారు. మరోదాంట్లో ఒకమ్మాయి గొంతు నులిమారు. ఆ పిల్ల కాళ్ళు కొట్టుకోవడం చాలా సేపు చూపించారు. ఎవరు ఎవర్ని ఎందుకు చంపుతున్నారో ఎవరూ చెప్పలేదు. కెమెరా మాత్రం దెబ్బకి దగ్గరగా వెళ్లేది. మొదటి సినిమాకి నేను కళ్ళు మూసుకున్నాను. తర్వాతదానికి తల తిప్పుకున్నాను. ఆ తర్వాత కళ్ళు తెరుచుకునే ఉన్నాను. భయమూ లేదు, బాధా లేదు. వేసవిలో పొయ్యి ముందు చాలా సేపు నిలబడితే ఒళ్ళు ఎలా అయిపోతుందో అలా అయిపోయింది.

అప్పుడు మా ఆయన సినిమా వచ్చింది. చేతిలో సంచితో నడిచి వస్తున్నారు. ముగ్గురు అడ్డం వచ్చారు. మొదటి తన్ను పడగానే హాల్లో ఎవరో ఈల వేశారు. రెండోదానికి చాలామంది వేశారు. ఆయన పడిపోయారు. నా పక్కన కూర్చున్న ఆయన చెయ్యి నా మోచేతికి తగులుతోంది, వెచ్చగా. తెర మీద మాత్రం ఆయన ముఖం మట్టిలో ఉంది.

అయిపోయాక కుర్రాళ్ళందరూ చుట్టూ మూగారు. "ఇరగదీశారు మాస్టారూ!" అని ఒకడు, "చావంటే అలా ఉండాలండీ" అని ఇంకొకడు. ఆయన అందరికీ నమస్కారం పెట్టారు.

తిరిగి వస్తుంటే బస్సు పెడన దాటిన తర్వాత అన్నారు:

"పడబోయే ముందు ఒకటి చేశాను. కాలి చెప్పు ఊడిపోతుంది కదా, దాని కోసం కాలితో వెతుక్కున్నాను. ఒక పక్క కొడుతున్నా సరే, చెప్పు తొడుక్కుందామని చూస్తాడు వాడు. మనిషన్నాక అలాగే చేస్తాడనిపించింది. తీసేశారు."

"ఎందుకు తీసేశారట?"

"స్లో అవుతుందట."

కొంచెం సేపయ్యాక మళ్ళీ అడిగారు. "ఈలలు విన్నావుగా. నేను పడటం బాగుందనా, వాళ్ళు కొట్టటం బాగుందనా?"

నాకు తెలుసు. ఆయనకీ తెలుసు. టికెట్టు ఎక్కడ పెట్టానో వెతుకుతున్నట్టు సంచిలో చెయ్యి పెట్టుకున్నాను.

ఆ సినిమాకి ప్రైజు వచ్చింది. దాంతో మా ఆయన కోసం వేరే కాలేజీల వాళ్ళు కూడా వచ్చారు. ఒకళ్ళు రొయ్యల చెరువు దగ్గర పాకలో బెల్టుతో గొంతు బిగించారు. ఒకళ్ళు కాలవ వంతెన మీద నుంచి తోసేశారు. అంటే, దిష్టిబొమ్మ లాంటిదాన్ని తోశారు, నీళ్ళలో తడిసింది మాత్రం ఈయనే. జలుబు చేసి దగ్గుతూ పడుకుంటే మిరియాల కషాయం కాచి ఇచ్చాను. చుట్టాలకి ఇదొక వేళాకోళం అయింది. మా తమ్ముడు ఫోన్ చేసినప్పుడల్లా, "అక్కయ్యా, బావగారు ఈసారి ఎలా పోయారు?" అనేవాడు. మొదట్లో నవ్వేదాన్ని. తర్వాత నవ్వడానికి ఓపిక ఉండేది కాదు.

ఆయన మాత్రం పిలిచినవాళ్ళ దగ్గరికల్లా వెళ్లారు. నేను వద్దనలేదు. షూటింగు ఉన్న రోజు పొద్దున్నే లేచి గడ్డం గీసుకుని, అద్దం ముందు నిలబడి గొంతు సవరించుకునేవారు. మాట లేని వేషానికి గొంతు సవరించుకోవడం చూడలేక వంటింట్లోకి వెళ్లిపోయేదాన్ని. అయినా టీవీ ముందు కూర్చున్న మనిషి కంటే ఈ మనిషే నయమనిపించేది.

ఒకరోజు బడిలో మధ్యాహ్నం ఇంటర్వెల్లో గోడ పక్కన తొమ్మిదో తరగతి పిల్లలు గుంపుగా కనిపించారు. ఒకడు కింద పడి ఉన్నాడు. ముగ్గురు వాణ్ణి తంతున్నారు. కింద పడ్డవాడితో సహా అందరూ నవ్వుతున్నారు. నన్ను చూసి ఆగారు.

"ఏంట్రా ఇది?"

"సార్ సినిమా ఆడుతున్నాం మేడమ్" అన్నాడు ఒకడు. మా ఆయన సినిమా సీడీ ఎవరింట్లోనో చూశారట.

కింద పడ్డవాణ్ణి లేపాను. సన్నగా ఉంటాడు, ఎప్పుడూ వెనక బెంచీలో కూర్చుంటాడు. పెదవి చిట్లి వాచింది. "నొప్పిగా ఉందా?" అని అడిగితే తల అడ్డంగా ఊపాడు. "నేను సార్ని మేడమ్" అన్నాడు గర్వంగా.

సాయంత్రం అన్నం పెడుతూ ఆ సంగతి చెప్పాను. ఆయన ఇంకా చారు కూడా కలుపుకోలేదు. కంచంలోనే చెయ్యి కడిగేసుకున్నారు.

మర్నాడు ఆ చేపల చెరువుల కుర్రాణ్ణి ఇంటికి పిలిపించారు. అతను అప్పటికే కొత్త కథతో ఉన్నాడు. దివిసీమలో, హంసలదీవి దగ్గర సముద్రపు ఒడ్డున తీస్తాడట. రిటైరైన ఒక పెద్దాయన ఒంటరిగా కూర్చుని సముద్రాన్ని చూస్తుంటాడు. ఇద్దరు వస్తారు.

"ఈసారైనా ఒక కారణం పెట్టు బాబూ" అన్నారు మా ఆయన. "చిన్నదైనా పరవాలేదు. వాళ్ళకి నా మీద ఏదో కోపం ఉందనుకో. పోనీ, నన్ను చూసి ఇంకెవరో అనుకున్నారనుకో."

"కారణం పెడితే చూసేవాడికి తేలిగ్గా ఉంటుందండీ మాస్టారూ. ఓహో ఇందుకా అని ఇంటికెళ్లిపోతాడు. కారణం లేకపోతేనే ఆలోచిస్తాడు."

"ఆలోచిస్తున్నారా? ఈల వేస్తున్నారు కదా?"

కుర్రాడు తల దించుకుని నవ్వాడు. "ఈలలు ఎక్కడైనా వేస్తారండీ."

అబద్ధం చెప్పే పిల్లవాడు కాదు. నిజంగానే అలా నమ్మాడు. మా ఆయన కాసేపు ఆలోచించి, సముద్రం ఉందన్నావు కాబట్టి వస్తానన్నారు. బీపీ మనిషి, ఎండలో ఒంటరిగా పంపడం ఇష్టం లేక నేనూ బయల్దేరాను.

ఆదివారం తెల్లవారుతూనే వ్యానులో చల్లపల్లి, అవనిగడ్డ, కోడూరు మీదుగా వెళ్లాం. కోడూరు దాటాక వరి చేలు పల్చబడి, మడ చెట్లు మొదలయ్యాయి. ఇసుకలో వ్యాను ఆగిపోయింది. అక్కణ్ణుంచి సామాన్లు మోసుకుంటూ నడిచాం. ఒడ్డున మనుషులెవరూ లేరు. కొంచెం దూరంలో పడవలు, వాటి వెనక కొన్ని తాటాకు ఇళ్ళు కనిపిస్తున్నాయి.

కెమెరాని చాలా దూరంగా, సరుగుడు చెట్ల వెనక పెట్టారు. ఆకాశం, సముద్రం, మధ్యలో చిన్నగా మనుషులు, అలా రావాలన్నాడు ఆ కుర్రాడు. నేనూ చెట్ల నీడలో వాళ్ళ వెనకే నిలబడ్డాను. మా ఆయన ఒడ్డున ఒక్కరే కూర్చున్నారు. ఇద్దరు కుర్రాళ్ళు వెళ్లారు. చేతుల్లో కర్రలకి స్పాంజి చుట్టి పైన రంగు పూశారు. కొట్టడం మొదలుపెట్టారు.

ఆ రోజు మా ఆయనకి ఏం తోచిందో, అరిచారు. అరవమని ఎవరూ చెప్పలేదు. మైకు అక్కర్లేని నాటకాల గొంతు అది. "అయ్యా! అయ్యా! నేనేం చేశానయ్యా!" అని ఆ ఒడ్డంతా వినిపించేలా అరిచారు. కుర్రాడు కెమెరా దగ్గర "సూపర్, సూపర్" అంటున్నాడు.

ముందు నాకు పడవల దగ్గర ఏదో కదిలినట్టు కనిపించింది. తర్వాత అర్థమైంది, మనుషులు పరుగెత్తుకొస్తున్నారు. మగవాళ్ళ చేతుల్లో తెడ్లున్నాయి. ఆడవాళ్ళు చీర కుచ్చిళ్ళు ఎగదోపి వాళ్ళతో సమంగా పరుగెడుతున్నారు. కొట్టే కుర్రాళ్ళిద్దరూ వెనక్కి తిరిగి చూసి, కర్రలు అక్కడే పడేసి చెట్ల వైపు పారిపోయి వచ్చారు. మా డైరెక్టరు కుర్రాడు ఎదురెళ్ళి చేతులూపుతూ, "సినిమా అండీ, సినిమా!" అని అరిచాడు. ముందున్న మనిషి అది వినిపించుకోలేదు. వస్తూ వస్తూనే చెంప మీద ఒక్కటి కొట్టాడు. కుర్రాడు ఇసుకలో కూలబడ్డాడు.

నేను మా ఆయన దగ్గరికి పరుగెత్తాను. అప్పటికే ఒకావిడ ఇసుకలో కూర్చుని ఆయన తలని ఒళ్ళో పెట్టుకుంది. నా కంటే కొంచెం పెద్దది. కొంగుతో ఆయన నుదుటి మీద ఎరుపు తుడుస్తూ, "నీళ్ళు తెండర్రా, నీళ్ళు! ప్రాణం ఉంది" అని కేకలు పెడుతోంది. ఆయన కళ్ళు తెరిచి ఆవిడని చూస్తున్నారు. లేవడం లేదు, మాట్లాడటం లేదు. తర్వాత అడిగితే చెప్పారు: "ప్రాణం ఉందని ఆవిడ అన్ని కేకలు పెడుతోందే. అలాంటప్పుడు లేచి కూర్చుని ఇదంతా ఉత్తుత్తిదని ఎలా చెప్పను?"

నేనే చెప్పాను. "అది రంగు, అమ్మా. ఆయనకేం కాలేదు. సినిమా తీస్తున్నారు."

ఆవిడ తలెత్తింది. "నువ్వెవరమ్మా?"

"ఆయన భార్యని."

"భార్యవా? మొగుణ్ణి కొడతా ఉంటే చూస్తా నిలబడ్డావా?"

నేనూ ఇసుకలో కూర్చుని, నా కొంగుతో ఆయన మెడ మీది రంగు తుడిచాను.

కొంతసేపటికి అందరికీ సంగతి అర్థమైంది. కెమెరా చూపించారు, స్పాంజి కర్రలు నొక్కి చూశారు. కొందరు నవ్వారు. చెంప మీద కొట్టిన మనిషి మాత్రం నవ్వలేదు. కుర్రాణ్ణి లేపి నిలబెట్టి, చొక్కాకి అంటిన ఇసుక దులిపాడు.

"సినిమా అయితే ముందు మా ఊళ్ళో చెప్పాల గదయ్యా. సర్లే. ఇంతకీ ఈ పెద్దాయన ఏం చేశాడంట, కథలో?"

"ఏం చేయలేదండీ" అన్నాడు కుర్రాడు చెంప పట్టుకుని.

"మరెందుకు కొడతన్నారు?"

"ఊరికేనండీ."

ఆ మనిషి పక్కవాళ్ళ వైపు తిరిగి, "ఊరికేనంట" అన్నాడు. వెటకారంగా కాదు. వినబడనివాళ్ళకి మళ్ళీ చెప్పినట్టు చెప్పాడు.

మాకు నీళ్ళిచ్చారు, టీ కాచి ఇచ్చారు. టీ తాగాక కుర్రాడు మళ్ళీ ఒకసారి తీద్దామన్నాడు. సరేనన్నారు వాళ్ళు. కానీ వెళ్లలేదు. పిల్లా పెద్దా అందరూ చెట్ల కింద వరసగా కూర్చున్నారు, చూడ్డానికి. కుర్రాళ్ళు కర్ర ఎత్తగానే ఒకావిడ, "మెల్లగా బాబూ, పెద్దమనిషి" అనేది. ఇంకొకావిడ, "చాల్లే, ఇంక వదిలెయ్యండి" అనేది. కొట్టేవాళ్ళకి చెయ్యి లేవలేదు. ఒకడైతే మా ఆయన ముఖం చూసి, "సారీ అండీ" అనేశాడు. రెండు మూడు సార్లు ప్రయత్నించి, ఎండ ముదిరాక సామాన్లు సర్దేశారు.

తిరిగి వచ్చేటప్పుడు వ్యాను అవనిగడ్డ దాటాక ఆ కుర్రాడు, "నన్ను మా నాన్న కూడా ఎప్పుడూ కొట్టలేదండీ" అన్నాడు. ఎడమ చెంప వాచి ఉంది. "చెవిలో ఇంకా గుయ్యిమంటోంది. మనం సినిమాలో పెట్టే సౌండు ఇలా ఉండదండీ మాస్టారూ." అంటూనే కళ్ళలో నీళ్ళు తిరిగాయి. మా ఆయన అతని భుజం మీద చెయ్యేసి, "రేపటికి తగ్గిపోతుంది బాబూ. పడుకునే ముందు ఉప్పు కాపడం పెట్టుకో" అన్నారు.

ఆ సినిమా కూడా పూర్తయింది. తీసినంత మేరకే జోడించి గుడివాడలో వేశారు. మా ఆయన కేక ఉంది, కర్రలున్నాయి, చివర్లో ఖాళీ సముద్రం ఉంది. ఆ జనం పరుగెత్తుకు రావడానికి ఒక క్షణం ముందే కత్తిరించారు. బయటికొచ్చాక కుర్రాణ్ణి అడిగాను.

"కెమెరా తిరుగుతూనే ఉంది కదా బాబూ. వాళ్ళు పరుగెత్తుకొచ్చింది పడలేదా?"

"పడిందండీ. చాలా బాగా పడింది."

"మరి ఎందుకు పెట్టలేదు?"

"అది కథలో లేదు కదండీ మేడమ్."

"జరిగింది కదా?"

"జరిగిందండీ" అన్నాడు మెల్లగా. ఉన్నదున్నట్టు చూపిస్తున్నామని మొదటి రోజు అతను చెప్పిన మాట గుర్తుచేసి వాదించి ఉండొచ్చు. రోజంతా బడిలో అరిచి వచ్చిన గొంతు, ఓపిక లేకపోయింది. ఆ సినిమాకీ ప్రైజు వచ్చింది.

తర్వాత వచ్చినవాళ్ళకి మా ఆయన ఒకటే మాట చెప్పారు. "ఇక నేను చావను బాబూ. బతికుండే వేషం ఏదైనా ఉంటే చెప్పండి." వాళ్ళు మర్యాదగా కాఫీ తాగి వెళ్లారు. పామర్రు నుంచి ఇంకో పెద్దాయన్ని తెచ్చుకున్నారని విన్నాం. ఆయన్ని కూడా మూడు నాలుగు విధాలుగా చంపారట. కాలేజీ కుర్రాళ్ళు మా ఇంటికి రావడం మానేశారు. మా ఆయన మళ్ళీ టీవీ ముందు కూర్చున్నారు.

చదువైపోయి ఉద్యోగానికి బెంగళూరు వెళ్లబోయే ముందు ఆ చేపల చెరువుల కుర్రాడు మరోసారి వచ్చాడు. మారిపోయాడని చెప్పను. అదే సంవత్సరం వేరే సినిమాలో ఇద్దర్ని చంపాడు. కానీ మా ఆయన మీద అభిమానం ఉంది. "మీరు చావనన్నారు కదా మాస్టారూ, అందుకని ఒకటి రాశానండీ" అన్నాడు. ఒక పెద్దాయన మెస్సుకొచ్చి భోజనం చేస్తాడు. పెరుగు రెండోసారి అడగాలా వద్దా అని ఆలోచిస్తాడు. చివరికి అడుగుతాడు. వాళ్ళు వేస్తారు. అంతే కథ.

దాన్ని బందరులో అదే హాల్లో వేశారు. దానికి ముందు రెండు హత్యలు, తర్వాత ఒకటి. మా ఆయన తెర మీద అన్నం కలపడం మొదలుపెట్టగానే వెనక వరసల్లో కుర్చీలు చప్పుడయ్యాయి. కుర్రాళ్ళు టీ తాగడానికి లేచి వెళ్తున్నారు. ఈల ఎవరూ వేయలేదు. ఆ రోజు బడిలో పరీక్ష పేపర్లు దిద్ది, అటునుంచి అటే బస్సెక్కి వచ్చాను నేను. ఫ్యాను కింద కూర్చుని చూస్తూ చూస్తూ ఒక చోట నాకూ కునుకు పట్టింది. కళ్ళు తెరిచేసరికి ఆయన తెర మీద చెయ్యి కడుక్కుంటున్నారు.

బయటికి వచ్చాక బస్టాండు దాకా నడిచాం. ఆయన అడగకుండా ఉంటారేమో అనుకున్నాను. అడిగారు.

"ఎలా ఉంది?"

"మధ్యలో నిద్రపోయానండీ" అన్నాను.

"చూశాను" అన్నారు. కోపంగా ఏమీ లేరు. గుడివాడ బస్సు కదలడానికి సిద్ధంగా ఉంది. నన్ను ముందు ఎక్కించి, కిటికీ పక్క సీటు చూపించారు.